నాకు తెలియకుండానే డిక్రీ వచ్చింది, ఇప్పుడు కోర్టుకెళితే పుట్టిల్లు పోతుందా?

కూకట్‌పల్లి నుంచి ఒక పాఠకురాలు పెద్ద ఉత్తరం రాశారు. పేరు వద్దన్నారు. సారాంశం ఇది.

ఆవిడకు యాభై దాటాయి. పుట్టిల్లు కృష్ణా డెల్టాలో ఒక పల్లె. 1994లో పెళ్లయి హైదరాబాద్ వచ్చేశారు. నాన్నగారు 2018లో వీలునామా ఏదీ రాయకుండానే పోయారు. నాలుగున్నర ఎకరాల మాగాణి, ఊళ్లో ఒక పెంకుటిల్లు ఉన్నాయి. పొలంలో ఎకరంన్నర తాతగారి నుంచి వచ్చింది, మిగతా మూడెకరాలు నాన్నగారు కొన్నవి. అమ్మగారు అన్నయ్య దగ్గర ఉంటారు, తమ్ముడు విజయవాడలో. నాన్నగారు పోయిన కొత్తలో కౌలు డబ్బులో కొంత ఈవిడకూ పంపేవారు. తర్వాత మానేశారు, ఈవిడా అడగలేదు.

రెండు వారాల కిందట కౌలు రైతు ఫోన్ చేశాడు. "అమ్మాయిగారూ, ఎవరో వకీలుగారు సర్వేయరును వెంటబెట్టుకొచ్చి చేలో గొలుసు వేయిస్తున్నారు, మీకు తెలిసే జరుగుతోందా?" అన్నాడు. ఈవిడ తమ్ముడికి ఫోన్ చేసి గట్టిగా అడిగితే అప్పుడు బయటపడింది. అన్నయ్య మూడేళ్ల కిందటే పార్టిషన్ (ఆస్తి పంపకం) దావా వేశాడు. తమ్ముడు, అమ్మ, ఈవిడ ప్రతివాదులు. తమ్ముడు అన్నయ్య చెప్పిందంతా నిజమేనని ఒప్పుకున్నాడు. ఈవిడ హాజరు కాలేదని ఎక్స్‌పార్టీ చేశారు, అంటే ఈవిడ లేకుండానే కేసు నడిపారు. కొడుకులిద్దరికీ చెరిసగం, అమ్మగారికి ఇంట్లో ఉండే హక్కు మాత్రం అంటూ ప్రిలిమినరీ డిక్రీ (ఎవరి వాటా ఎంతో తేల్చే మొదటి డిక్రీ) అయిపోయింది. "చెల్లెలికి పెళ్లప్పుడే పసుపు కుంకుమల కింద ముట్టజెప్పాం, ఆస్తిలో హక్కు లేదని పెద్దల ఎదుట ఒప్పుకుంది" అని దావాలో రాశారట. సమన్లకు ఇచ్చింది పుట్టింటి చిరునామా. వదినగారు సంతకం పెట్టి తీసుకున్నారట, ఆ తర్వాత పేపర్లో ప్రకటన కూడా వేయించారట.

ఒక చిక్కు కూడా ఆవిడే దాచకుండా రాశారు. ఏడాదిన్నర కిందట తమ్ముడు వాట్సాప్‌లో "అక్కా, పొలం కాగితాల పని కోర్టులో నడుస్తోంది, మేం చూసుకుంటున్నాం, నువ్వు కంగారుపడకు, నీది నీకొస్తుంది" అని పెట్టాడు. ఈవిడ "సరే" అని బదులిచ్చారు.

ఇప్పుడు అమ్మగారు "కోర్టుకెక్కితే మళ్లీ ఈ గడప తొక్కకు" అంటున్నారు. భర్త వెంటనే కేసు వేయమంటున్నారు. కలిసిన ఒక లాయరుగారేమో "తొందరేం లేదు, తెలిసిన తేదీ మనిష్టం, రెండు నెలలాగి వేద్దాం" అన్నారు. "ఎకరం మీద నాకు ఆశ లేదండీ. నేను ఒప్పుకున్నానని నేను లేనిచోట రాసేశారే, అదే మింగుడుపడటం లేదు. నా మాట వినకుండా కోర్టు ఎలా తీర్పిస్తుంది? నేనేం చేయాలి?" ఇదీ ప్రశ్న.

అమ్మా, మీ ఉత్తరంలో రెండు సంగతులు పెనవేసుకుపోయాయి. ఆస్తిలో మీకు వాటా కావాలా వద్దా అన్నది ఒకటి. ఆ వాటా గురించి నిర్ణయం జరిగిన చోట మీ మాట వినిపించిందా లేదా అన్నది రెండోది. మీ ఇంట్లో అందరూ మొదటిదాని గురించే గొడవపడుతున్నారు. మీకు బాధ కలిగించింది మాత్రం రెండోది. చట్టం కూడా ఈ రెంటినీ వేరుగానే చూస్తుంది. ఎక్స్‌పార్టీ డిక్రీని రద్దు చేయమని అడగడమంటే అన్నదమ్ముల మీద వాటా కోసం దావా వేయడం కాదు. "ఈ దావాలో నేనూ ప్రతివాదినే, నాకు కబురు అందలేదు, నా జవాబు విని అప్పుడు తీర్పు చెప్పండి" అనడం, అంతే. దావా వేసింది మీరు కాదు, మీ అన్నయ్య. కోర్టుకెక్కింది ఎవరన్న మాట వస్తే ఈ సంగతి అమ్మగారికి నెమ్మదిగా గుర్తుచేయొచ్చు.

కోర్టు వినకుండా ఎలా తీర్పిచ్చిందని అడిగారు. వినకుండా ఇచ్చిందని మీరంటున్నారు. కోర్టు రికార్డు మాత్రం పిలిచినా రాలేదంటుంది. సమన్లు సరిగా అందాయని తేలితేనే ఎక్స్‌పార్టీ చేయాలి. ఎవరినీ వారి మాట వినకుండా దోషిగా నిలబెట్టకూడదన్న సూత్రం మీదే సివిల్ ప్రొసీజర్ నిలబడి ఉందని 1955లోనే సంగ్రామ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయితే ఇచ్చిన అడ్రసు తప్పని జడ్జిగారికి ఎవరు చెబుతారు? చెప్పాల్సిన మనిషికేమో అసలు దావా ఉందనే తెలియదు. పల్లెల్లో పార్టిషన్ దావాల్లో ఆడపిల్లల అడ్రసు పుట్టింటిదే రాయడం నేను చాలా ఫైళ్లలో చూశాను. కొన్నిసార్లు అది నిర్లక్ష్యం, కొన్నిసార్లు తెలివి. మీ కేసులో ఏదో నేను చెప్పలేను. కానీ మీ గృహప్రవేశానికి అన్నయ్య వచ్చారని, వాళ్లమ్మాయి పెళ్లి శుభలేఖ మీ కూకట్‌పల్లి ఇంటికే కొరియర్లో వచ్చిందని రాశారు కదా. ఆ కవరుంటే భద్రంగా దాచండి. ప్రతివాది నివాసం తనకు తెలిసినంతవరకు దావాలో సరిగా రాయాల్సిన బాధ్యత వాదిదే. ఆయనకు మీ ఇల్లు తెలుసనడానికి ఆ కవరు కంటే మంచి సాక్ష్యం దొరకదు.

ఇక వదినగారి సంతకం. మనిషి ఇంట్లో లేనప్పుడు, తగిన సమయంలో దొరికే అవకాశం కూడా లేనప్పుడు కుటుంబంలోని పెద్దవాళ్లెవరికైనా సమన్లు ఇవ్వొచ్చని సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని ఆర్డర్ 5 రూల్ 15 అంటుంది. అయితే ఆ పెద్దవాళ్లు ప్రతివాదితో కలిసి కాపురముంటున్న వాళ్లై ఉండాలి. మీరు పెళ్లయినప్పటి నుంచీ వేరే ఊళ్లో ఉంటే, వాది భార్య తీసుకున్న సమన్లు మీకు అందినట్టు కాదు. పైగా ఆవిడ సాక్షాత్తూ మీ ప్రత్యర్థి ఇంటి మనిషి. పేపరు ప్రకటన సంగతికొస్తే, మీరు ఉంటున్న ప్రాంతంలో తిరిగే దినపత్రికలో వేయాలి. మీ ఊరి జిల్లా ఎడిషన్‌లో వేస్తే హైదరాబాద్‌లో ఎవరు చదువుతారు? దీనికి మించి, మీకు బాగా పనికొచ్చే వాక్యం కోర్టు గడువులు చెప్పే లిమిటేషన్ చట్టంలో ఒక మూల ఉంది. ఎక్స్‌పార్టీ డిక్రీ రద్దు కోరడానికి గడువు చెప్పే 123వ ఆర్టికల్ కింద ఉన్న వివరణ ప్రకారం, పేపరు ప్రకటనలాంటి ప్రత్యామ్నాయ పద్ధతి ఈ గడువు లెక్కకు సరైన అందజేత కిందకు రాదు.

గడువు ముప్ఫై రోజులు. సమన్లు అందనివారికి డిక్రీ సంగతి తెలిసిన రోజు నుంచి మొదలవుతుంది. మీ విషయంలో అది తమ్ముడు ఫోన్లో చెప్పిన రోజు. అందులో సగం ఇప్పటికే అయిపోయింది. రెండు నెలలాగుదామన్న లాయరుగారి సలహా నాకు నచ్చలేదు. తెలిసిన తేదీ మన ఇష్టమేం కాదు. కౌలు రైతు ఫోన్, తమ్ముడితో మాట్లాడిన కాల్ అన్నీ లెక్కలో ఉంటాయి. మీ బలమంతా "నాకు తెలియదు" అన్న నిజంలో ఉంది. అఫిడవిట్‌లో తేదీ దగ్గరే అబద్ధమాడితే, క్రాస్ ఎగ్జామినేషన్‌లో అది బయటపడిన క్షణాన మిగతా నిజాన్ని కూడా ఎవరూ నమ్మరు. గడువు దాటితే అదే లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 కింద ఆలస్యాన్ని మన్నించమని అడిగే వీలుంది గానీ, గడువులో వేయగలిగినప్పుడు దాని అవసరం ఎందుకు తెచ్చుకోవాలి?

వాట్సాప్ మెసేజ్ సంగతి. మిమ్మల్ని కంగారుపెట్టింది ఇదేనని ఉత్తరం చదువుతుంటేనే తెలుస్తోంది. దీన్ని తుడిచేయాలని అనుకోవద్దు. తమ్ముడి ఫోన్లో ఎలాగూ ఉంటుంది. అవతలివాళ్లు దీన్ని ఇలా వాడతారు: సమన్లలో లోపమున్నా ఈవిడకు కేసు సంగతి తెలుసు, కాబట్టి డిక్రీ రద్దు చేయొద్దని. చట్టంలో అలాంటి నిబంధన ఉన్నమాట నిజమే. కేవలం సమన్ల అందజేతలో లోపముందన్న ఒక్క కారణంతో డిక్రీ రద్దు చేయకూడదని ఆర్డర్ 9 రూల్ 13 చెబుతుంది. కానీ ఎప్పుడు? వాయిదా తేదీ ప్రతివాదికి తెలిసి, హాజరై జవాబిచ్చే సమయం కూడా ఉందని కోర్టుకు రుజువైనప్పుడు. "కాగితాల పని కోర్టులో నడుస్తోంది" అన్న మాటలో ఏ కోర్టో లేదు, నంబరు లేదు, తేదీ లేదు, మీ మీద దావా అన్న ముక్కే లేదు. మీ సొంత తమ్ముడు, అదే దావాలో సాటి ప్రతివాది, "నీది నీకొస్తుంది" అని నమ్మించాడు. హాజరు కాకపోవడానికి తగిన కారణం ఉందని చూపడం రద్దుకు రెండో దారి. ఈ మెసేజ్ ఆ దారిలో మీకే సాక్ష్యం. కాబట్టి మొదటి అఫిడవిట్‌లోనే మీరే పెట్టండి. ఫోన్ మార్చకండి. ఎలక్ట్రానిక్ సాక్ష్యానికి జతచేయాల్సిన సర్టిఫికెట్ గురించి మీ లాయరును అడగండి. అలాగని గెలుపు ఖాయమని నేననను. "సరే" అన్న మీ బదులు మీద బోనులో మిమ్మల్ని గట్టిగానే అడుగుతారు.

ఇప్పుడు మీ ముందున్న దారులు. మొదటిది ఇప్పటిదాకా చెప్పిందే. డిక్రీ ఇచ్చిన కోర్టులోనే రద్దు పిటిషన్ వేసి, దానితోపాటు ఫైనల్ డిక్రీ (భూమిని కొలిచి విడదీసే ఆఖరి డిక్రీ) పనులు ఆపమని స్టే అడగడం. కమిషనర్, అంటే కొలతలకు కోర్టు నియమించిన ఆ వకీలు, గొలుసు వేయిస్తున్నాడంటే భూమిని ముక్కలు చేసే దశకు వచ్చారన్నమాట. స్టే లేకపోతే మీ పిటిషన్ నడుస్తూనే ఉంటుంది, అటు పంపకమూ అయిపోతుంది. ఖర్చు తక్కువ దారి ఇదే. అన్నయ్య కౌంటరు (మీ పిటిషన్‌కు జవాబు) వేస్తారు, మీరు బోనెక్కాల్సి రావచ్చు, కోర్టు ఖర్చులు కట్టమని షరతు పెట్టొచ్చు. పిటిషన్ నెగ్గితే దావా మళ్లీ మొదలవుతుంది, మీ రిటన్ స్టేట్‌మెంట్‌తో (రాతపూర్వక జవాబుతో). అక్కడి నుంచి సంవత్సరాలు పట్టొచ్చు. కాగితం మీద ఒక్కో పక్షానికి మూడు వాయిదాలకు మించి ఇవ్వకూడదు. కోర్టు ఆవరణలో ఈ మాటంటే అందరూ నవ్వుతారు. కొట్టేస్తే ఆ ఉత్తర్వు మీద పై కోర్టుకు వెళ్లొచ్చు.

రెండోది, డిక్రీ మీద నేరుగా అప్పీలు. అక్కడ రికార్డులో ఉన్నదాన్ని బట్టి తీర్పు తప్పని చూపాలి. మీరు లేకుండా తయారైన రికార్డులో మీ మాట ఉండదు కదా. కానీ ఎదుటిపక్షం జవాబు వేయనంత మాత్రాన వాది చెప్పిందల్లా కళ్లుమూసుకుని ఒప్పుకోకూడదని సుప్రీంకోర్టు 1999లో బలరాజ్ తనేజా కేసులో చెప్పింది. నోటిమాటగా హక్కు వదులుకుందనడం చట్టప్రకారం నిలిచే మాట కాదు. స్థిరాస్తిలో హక్కు వదులుకోవాలంటే రిజిస్టరు కాగితం కావాలి. అలా చూస్తే అప్పీలుకూ బలముంది. అయితే ఆ గడువు డిక్రీ తేదీ నుంచే లెక్క కాబట్టి ఆలస్యానికి కారణం చూపాలి. రెండూ ఒకేసారి నడపొచ్చు గానీ, అప్పీలు తీర్పుతో ముగిసిపోతే రద్దు పిటిషన్ ఇక నిలవదు. అందుకే నేనైతే రద్దు పిటిషన్‌నే ముందు పెడతాను. ఈ వరుస మాత్రం ఫైలు చూసిన లాయరుతో మాట్లాడి తేల్చుకోండి.

కొందరు "ఫైనల్ డిక్రీ దశలో వెళ్లి చెప్పుకుందాంలే" అంటారు. హిందూ వారసత్వ చట్టానికి 2005 సవరణ వచ్చాక కూతుళ్ల వాటా కోసం ప్రిలిమినరీ డిక్రీని మార్చొచ్చని 2011లో మన ప్రాంతం నుంచే వెళ్లిన ఒక కేసులో సుప్రీంకోర్టు చెప్పిన మాట నిజం. అది మధ్యలో చట్టమో పరిస్థితో మారినప్పటి మాట. మీ విషయంలో అలా మారిందేమీ లేదు. ప్రిలిమినరీ డిక్రీని అప్పుడే ప్రశ్నించకపోతే, ఫైనల్ డిక్రీ మీద అప్పీల్లో దాన్ని తప్పుబట్టే వీలు సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 97 ఇవ్వదు. ఆ భరోసా మీద కూర్చోవద్దు. ఇక మోసంతో తెచ్చుకున్న డిక్రీ చెల్లదని వేరే దావా వేయడం కూడా ఉంది. మద్రాసు నుంచి వెళ్లిన ఒక పార్టిషన్ కేసులో, తాను రాసిచ్చిన రిలీజు (హక్కు వదులుకునే) కాగితాన్నే దాచి డిక్రీ తెచ్చుకున్న వాదికి 1993లో సుప్రీంకోర్టు గట్టిగానే బుద్ధి చెప్పింది. కానీ మోసాన్ని రుజువు చేసే భారం మీదే, కాలమూ ఎక్కువే పడుతుంది. దాన్ని ఆఖరున వాడే అస్త్రంగా ఉంచుకోండి.

రాజీ గురించి. మీకు ఆశ లేదన్నారు, నమ్ముతాను. వదిలేయాలనుకుంటే వదిలేయండి. అయితే ఎంత వదులుకుంటున్నారో ముందు తెలుసుకోండి. నాన్నగారు కొన్న మూడెకరాల్లో అమ్మగారు, మీరు ముగ్గురు పిల్లలు నలుగురూ సమానం, తలా 75 సెంట్లు. తాతగారి ఎకరంన్నర ఉమ్మడి ఆస్తిగా తేలితే, 2020 ఆగస్టు 11న వినీతా శర్మ కేసులో సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు ప్రకారం కూతురికీ పుట్టుకతోనే హక్కు. మన ప్రాంతపు లెక్కలో మీ ముగ్గురికీ 5/16 చొప్పున, అమ్మగారికి 1/16. అంటే మీకు దాదాపు 47 సెంట్లు, అమ్మగారికి 9. అలా కాకుండా తాతగారు 1956 తర్వాత పోయి వారసత్వంగా నాన్నగారికి వచ్చిందైతే అదీ నలుగురికీ సమానమే. మీ పెళ్లిలో ఏమిచ్చారన్నది ఈ హక్కును తీసేయదు.

ఈ లెక్క ఇంత వివరంగా రాయడానికి కారణం మీ అమ్మగారు. గడప తొక్కవద్దన్న ఆవిడకు ఈ డిక్రీలో ఒక్క సెంటు కూడా రాలేదు. చట్టం ఏ రకంగా చూసినా ఆవిడకు 80 సెంట్లకు పైనే రావాలి. ఆ సంగతి ఆవిడకు తెలుసా? "ఏవో కాగితాల మీద వేలిముద్ర వేయించుకున్నారు" అని ఉత్తరంలో ఒకచోట రాశారు. అది వకాల్తా (లాయరుకిచ్చే అధికార పత్రం) అయి, ఆవిడ తరఫున "మాకు అభ్యంతరం లేదు" అని ఎవరైనా జవాబు వేసి ఉంటే, ఆవిడ మీ కంటే ఇబ్బందిలో ఉన్నారు. ఎందుకంటే రికార్డు ప్రకారం ఆవిడ హాజరయ్యారు, తన మాట చెప్పుకున్నారు. ఆవిడకు ఎక్స్‌పార్టీ రద్దు దారి ఉండదు. అప్పీలుకో, మోసం రుజువుకో వెళ్లాల్సి ఉంటుంది. ఆవిడ కోపం భయంలోంచి వచ్చిందని నాకనిపిస్తోంది. రేపు అన్నం పెట్టేది కొడుకే కదా. అందుకే ఆవిడను మీ పక్షాన నిలబెట్టాలని చూడకండి, మీలో ఎవరిది న్యాయమో తూకం వేయమనీ అడగకండి.

రాజీ చేసుకుంటే కోర్టు ముందే చేసుకోండి. రద్దు పిటిషన్ పెండింగులో ఉండగానే లోక్ అదాలత్‌కు పంపమని అడగొచ్చు. అక్కడ మీ వాటా అన్నయ్యకు వదిలేసినా, అమ్మగారి పేరున రాయించినా, ఇంత డబ్బు తీసుకున్నా మీ సంతకంతో, మీ ఎదుట జరుగుతుంది. లోక్ అదాలత్ అవార్డు మీద అప్పీలు లేదు. కాబట్టి అక్కడ రాసే ప్రతి వాక్యం చదివి, అర్థం కాకపోతే మళ్లీ చదివించుకుని సంతకం పెట్టండి. ఏమీ చేయకుండా ఊరుకోవడం కూడా ఒక దారే. అప్పుడు ఫైనల్ డిక్రీ వస్తుంది, పాస్‌బుక్కులు మారతాయి, ఎవరో కొనుక్కుంటారు. "పెద్దల ఎదుట ఒప్పుకుంది" అన్న మాట కోర్టు రికార్డులో నిజంగా ఉండిపోతుంది. అది మీకు ఫర్వాలేదనుకుంటే తప్పేం లేదు. మీ ఉత్తరం చదివితే మాత్రం ఫర్వాలేదనిపించడం లేదు.

ఈ వారం చేయాల్సినవి చెబుతాను. ఈకోర్ట్స్ యాప్‌లో మీ పేరుతోనో అన్నయ్య పేరుతోనో వెతికితే కేసు నంబరు, వాయిదా తేదీ దొరుకుతాయి. ఆ కోర్టులో దావా, సమన్ల రిటర్ను (అందజేత గురించి రాసిన రిపోర్టు), డాకెట్ ఆర్డర్లు (ప్రతి వాయిదాకూ కోర్టు రాసినవి), తీర్పు, డిక్రీ నకళ్లకు కాపీ అప్లికేషన్ పెట్టించండి. వదినగారి సంతకం కింద సమన్లు తెచ్చిన కోర్టు అమీనా ఏం రాశాడో, "కుటుంబ సభ్యురాలు" అని రాశాడా, మీరు ఎక్కడున్నారని రాశాడా, ఆ రెండు లైన్లు ముఖ్యం. నకళ్లు రావడం ఆలస్యమైతే పిటిషన్ ఆపకండి, తర్వాత జతచేయొచ్చు. లాయరు ఫీజు భారమనుకుంటే, ఆదాయంతో సంబంధం లేకుండా మహిళలకు ఉచిత న్యాయసహాయం పొందే హక్కు 1987 నాటి న్యాయసేవల చట్టం ఇచ్చింది. కోర్టు ఆవరణలోని న్యాయసేవా సంస్థ కార్యాలయంలో అడగండి, లేదా 15100కు ఫోన్ చేయండి.

తమ్ముడికి మాత్రం పిటిషన్ వేయకముందే మీరే ఫోన్ చేసి చెప్పండి. కోర్టు నోటీసు వెళ్లి అతనికి తెలియడం కంటే అది మేలు. "నీ మీద కేసు కాదురా, నన్ను అడగమంటున్నానంతే" అనండి. ఆ మెసేజ్‌లో "నీది నీకొస్తుంది" అన్నది అతనే. ఇప్పుడు ఆ మాట మీద నిలబడతాడా, లేక కౌంటరులో అన్నయ్య పక్కన సంతకం పెడతాడా అన్నది తేలితే, రాజీకి చోటుందో లేదో మీకు చాలావరకు తెలిసిపోతుంది.